ప్లీడరు నుంచి ముఖ్యమంత్రి దాకా

ప్రశ్న: ప్రకాశం పంతులు గారు మొదట్నుంచీ బారిస్టరేనా అండీ? మా తాతయ్య ప్లీడరు అంటారు, ఏది కరెక్టు?

జవాబు: తాతయ్యగారే కరెక్టండి. తండ్రి పోయాక ఒంగోల్లో వాళ్లమ్మగారు పూటకూళ్లిల్లు నడిపి పెంచారు, ఆయన రాజమండ్రిలో సెకండ్ గ్రేడ్ ప్లీడరుగా బాగా సంపాదించి మునిసిపల్ ఛైర్మన్ కూడా అయ్యారు, కానీ ఆ గ్రేడుతో హైకోర్టులో వాదించే వీల్లేదు కదా, అందుకే ఇంగ్లండ్ వెళ్లి బారిస్టరై మద్రాసులో ప్రాక్టీసు పెట్టారు. అంత ప్రాక్టీసూ సహాయ నిరాకరణోద్యమంలో వదిలేశారు, ఇప్పుడెవరైనా వదుల్తారా చెప్పండి! 1937లో మద్రాసు అసెంబ్లీకెళ్లి రాజాజీ దగ్గర రెవెన్యూ మంత్రి అయ్యారు, జమీందారీల మీద వేసిన కమిటీకి ఆయనే అధ్యక్షులు. 1953లో ఆంధ్ర రాష్ట్రానికి మొదటి ముఖ్యమంత్రి అయింది మీకు తెలిసిందే.