నవ్వించేవాళ్ల జబ్బు గురించి రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నీ వ్యాసం శ్రద్ధగా చదివాను. జబ్బుతో బతుకుతూనే స్టేజీ ఎక్కిన స్టాండప్ కమెడియన్ల గురించి రాయాలనుకోవడం మంచి ఆలోచన. కానీ వ్యాసం నిండా ఆసుపత్రి ఉంది, కన్నీళ్లున్నాయి, వాళ్ల ధైర్యానికి పొగడ్తలున్నాయి. ఒక్క జోకు కూడా లేదు. వాళ్ల వృత్తి నవ్వించడం. ఏం చెప్పి నవ్వించారో రాయకపోతే, నువ్వెంత మెచ్చుకున్నా వాళ్లు పాఠకుడికి రోగులుగానే మిగిలిపోతారు.

అమెరికన్ కమెడియన్ టిగ్ నొటారో సంగతే చూడు. 2012లో కొద్ది నెలల్లోనే న్యుమోనియా, ప్రాణం మీదికి తెచ్చిన పేగుల ఇన్ఫెక్షన్, పడిపోయిన తల్లి హఠాత్తుగా చనిపోవడం, ప్రేమించిన మనిషితో తెగతెంపులు, ఆ పైన రెండు రొమ్ముల్లోనూ క్యాన్సర్. ఆ విషయం తెలిసిన కొన్ని రోజులకే, ఆగస్టు 3న, లాస్ ఏంజెలెస్‌లోని లార్గో అనే కామెడీ క్లబ్బులో మైకు ముందుకొచ్చి, హలో, నాకు క్యాన్సర్, మీరెలా ఉన్నారు అని పలకరించింది. నువ్వు ఇక్కడితో ఆపేశావు. అసలు పనితనమంతా ఆ తర్వాతి అరగంటలో ఉంది.

తల్లి పోయాక ఆమె పేరు మీదే ఆసుపత్రి నుంచి ఒక ఫారం వచ్చింది. మా దగ్గర మిమ్మల్ని ఎలా చూసుకున్నారు, నర్సులు మీకు అర్థమయ్యేలా చెప్పారా అని ప్రశ్నలు. టిగ్ గొంతు పెంచదు, ఏడవదు. చనిపోయిన మనిషిని అడుగుతున్న ఆ ప్రశ్నలను మామూలుగా వినిపిస్తుంది. ఆ జోకులో తను కొత్తగా కల్పించింది చాలా తక్కువ. ఏది ముందు చెప్పాలో, ఎక్కడ ఆగాలో తెలియడమే ఆమె విద్య. హాల్లో నవ్వాలో ఏడవాలో తెలియక ఇబ్బంది పడుతున్నవాళ్లను తనే ఊరడిస్తుంది. చివర్లో, ట్రాఫిక్‌లో ఇరుక్కున్న తన కారును ఒక తేనెటీగ దాటిపోయిన పాత జోకు చెబుతుంది. అంతకుముందు అది సరదా జోకు. ఆ రాత్రి అన్నీ విన్నాక అదే జోకు వింటుంటే గుండె బరువెక్కుతుంది, నవ్వూ ఆగదు. దీని మీద నువ్వు పూర్తిగా ఒక పేజీ రాయాలి.

సర్జరీలో రెండు రొమ్ములూ తీసేశాక, 2014లో న్యూయార్క్ స్టేజీ మీద చొక్కా విప్పి, కుట్ల మచ్చలు కనిపిస్తుండగానే మామూలు జోకులు కొనసాగించింది. నాకు అన్నిటికంటే నచ్చింది ఆ మామూలుతనమే.

అందరూ ఇలా చెప్పుకోవాలని లేదు. కెనడా కమెడియన్ నార్మ్ మెక్‌డొనాల్డ్ దాదాపు తొమ్మిదేళ్లు తన క్యాన్సర్‌ను దాచాడు. 2021 సెప్టెంబర్‌లో ఆయన పోయాకే జనానికి తెలిసింది. 2020లో, ఒక చికిత్సకు వెళ్లేముందు, ఇంట్లోనే కూర్చుని ప్రేక్షకులు లేకుండా ఒక గంట ప్రదర్శన రికార్డు చేసి పెట్టుకున్నాడు. మన పేపర్లలో క్యాన్సర్‌తో పోరాడి ఓడిపోయారని రాస్తారు కదా, నీ వ్యాసంలోనూ ఆ మాట ఉంది. 2011లోనే నార్మ్ దీని మీద జోకు వేశాడు: మనిషి చనిపోతే క్యాన్సర్ కూడా అప్పుడే చస్తుంది, మరి అది ఓటమి ఎలా అవుతుంది, మ్యాచ్ డ్రానే కదా అని. ఆ జోకు రాయి, నీ వాక్యం తీసెయ్.

నార్మ్ చెప్పకపోవడాన్ని పిరికితనమనో, టిగ్ చెప్పడాన్ని సాహసమనో తూకం వెయ్యొద్దు. తన జబ్బు ఎవరికి చెప్పాలో ఆ మనిషి ఇష్టం.

అమెరికన్ కమెడియన్ రిచర్డ్ ప్రయర్ గురించి ఒక్క పేరా చాలు. 1986లో ఆయనకు మల్టిపుల్ స్క్లెరోసిస్ అనే నరాల జబ్బని తేలింది. 1990ల మొదట్లో కుర్చీలో కూర్చునే జోకులు చెప్పాడు. స్టేజీ అంతా తిరుగుతూ, ఒళ్లంతా కదిలిస్తూ పాత్రల్ని చూపించిన మనిషి ఆయన. కదలిక పోతే జోకు ఎలా మారుతుందో, అది పట్టుకో.

కొత్త ప్రతిని ఆసుపత్రి ఫారం దగ్గర మొదలుపెట్టు. పంపే ముందు వాళ్ల ప్రదర్శనలు మొత్తం విను, ముక్కలు ముక్కలుగా కాదు.

ఆశీస్సులతో,
అన్నయ్య