పాత నెట్‌వేర్ సర్వర్‌ను కొత్త నెట్‌వర్క్‌కు కలపవచ్చా?

ప్రశ్న: మా కార్యాలయపు పాత లెక్కలన్నీ నెట్‌వేర్ 3.12 సర్వర్‌లో ఉన్నాయి. అది ఇన్నేళ్లలో ఒక్కసారీ మొరాయించలేదు. కొత్త కంప్యూటర్ల నెట్‌వర్క్‌కు కలిపి వాడుకోవచ్చా?

జవాబు: ఇదే ప్రశ్న మాటలు మార్చుకుని మళ్లీ మళ్లీ వస్తోంది. అడిగినవారంతా మొరాయించకపోవడాన్నే భద్రతకు హామీపత్రంగా చూపిస్తున్నారు. నావెల్ సంస్థ 1983లో తెచ్చిన సర్వర్ ఆపరేటింగ్ సిస్టమ్ నెట్‌వేర్‌కు 1990ల తొలినాళ్లలో ఆఫీసు నెట్‌వర్క్‌లలో ఎదురు లేకపోయిన మాట నిజమే. ఫైళ్లు అందించడం, ప్రింట్ క్యూలు నడపడం మినహా పెద్దగా మరో పని పెట్టుకోలేదు కనుక అది నిలకడగా నడిచింది. పని మధ్యలో అప్‌డేట్ పేరుతో తనంతట తాను రీస్టార్ట్ అయ్యే నేటి అవలక్షణం దానికి లేదు. ఆ అవలక్షణాన్ని సదుపాయమని చెప్పుకునేవారిని చూస్తే నాకూ ఒళ్లు మండుతుంది.

అయితే నెట్‌వేర్ వేగంగా పనిచేయడానికి చెల్లించిన మూల్యం కూడా ఉంది. సర్వర్‌లో లోడ్ అయ్యే ప్రోగ్రాములైన ఎన్‌ఎల్‌ఎం మాడ్యూళ్లన్నీ 3.12లో కెర్నల్‌తో (సిస్టమ్ మూలభాగంతో) సమానమైన అధికారంతో నడుస్తాయి కాబట్టి, ఒక్కటి గతి తప్పినా సర్వర్ మొత్తం అబెండ్ కావచ్చు, అంటే అర్ధాంతరంగా ఆగిపోవచ్చు. కన్సోల్ (సర్వర్‌కే ఉన్న కీబోర్డు, తెర) దగ్గరకు చేరినవారు తగిన మాడ్యూల్‌ను లోడ్ చేసి, సర్వాధికారాలున్న సూపర్‌వైజర్ ఖాతా పాస్‌వర్డ్‌నే మార్చేయవచ్చు. నన్ను అంతకన్నా కలవరపెట్టేది నకిలీ ప్యాకెట్ల (నెట్‌వర్క్‌లో డేటాను మోసే చిన్న మూటల) దాడి. సూపర్‌వైజర్ పంపినట్టే ప్యాకెట్లు సృష్టించవచ్చని 1992లోనే తేలింది. విరుగుడుగా వచ్చిన, ప్యాకెట్లకు సంతకం జోడించే ప్యాకెట్ సిగ్నేచర్‌ను సర్వర్‌లోనూ దాన్ని వాడుకునే కంప్యూటర్లలోనూ (క్లయింట్లలోనూ) అమర్చకపోతే అది ఉన్నా లేనట్టే. ముందుగా సర్వర్ మొదలయ్యేటప్పుడు నడిచే కమాండ్లుండే ఆటోఎగ్జెక్.ఎన్‌సీఎఫ్ ఫైలు తెరవండి: పాత క్లయింట్ల కోసం ఎన్నడో రాసిన ‘సెట్ అలౌ అన్‌ఎన్‌క్రిప్టెడ్ పాస్‌వర్డ్స్=ఆన్’ అన్న వరుస కనిపిస్తే, పాస్‌వర్డ్‌లు తీగ మీద బట్టబయలుగా ప్రయాణిస్తున్నట్టే.

కాబట్టి కలపకండి. నెట్‌వేర్ 3.12 మాట్లాడే నెట్‌వర్క్ భాష (ప్రోటోకాల్) ఐపీఎక్స్‌కు విండోస్ విస్టా నుంచే మద్దతు లేనందున కొత్త కంప్యూటర్లకు ఆ సర్వర్ కనిపించదు కూడా. ఇంటర్నెట్ లేని 32 బిట్ విండోస్ ఎక్స్‌పీ కంప్యూటర్‌లో నెట్‌వేర్ క్లయింట్ సర్వీస్ పెట్టి, డేటాను కాపీ చేసుకోండి. సర్వర్ కనిపించకపోతే ఫ్రేమ్ టైప్‌ను (నెట్‌వర్క్‌లో డేటాను పేర్చే పద్ధతిని) ‘ఆటో’లో వదలకుండా 802.2గా మార్చి చూడండి, 3.11 నుంచి మారినవారు 802.3నే కొనసాగించి ఉండవచ్చు కనుక దాన్నీ ప్రయత్నించండి. కాపీలు తెరుచుకుంటున్నాయని నిర్ధారించుకున్నాకే సర్వర్‌ను ఆపండి. అప్పుడు కూడా నేరుగా స్విచ్ నొక్కకండి. డిస్కుకు చేరాల్సిన మార్పులు ఇంకా మెమరీ క్యాష్‌లోనే ఉండవచ్చు కనుక, కన్సోల్‌లో ‘డౌన్’ కమాండ్ ఇచ్చి, అది పూర్తయ్యాకే కరెంటు తీసేయండి.