తీర్పు అమలయ్యాక రికవరీ మెమోనా?

ప్రశ్న: ఇంక్రిమెంటు ఇవ్వాలని మూడేళ్ల కిందట హైకోర్టు సింగిల్ జడ్జి నాకు అనుకూలంగా తీర్పిచ్చారు. శాఖ అప్పీలుకు పోకుండా అమలు చేసింది. ఇప్పుడు వేరే ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు భిన్నంగా చెప్పిందంటూ, ఇచ్చిన డబ్బు తిరిగి కట్టమని రికవరీ మెమో ఇచ్చారు. కట్టాలా?

జవాబు: ముందు తీర్పు చివరి పేరా చదవండి. ‘ఇంక్రిమెంటు మంజూరు చేయాలి’ అని ఉంటే మీ పక్షం గట్టిది. ‘వినతిని పరిశీలించాలి’ అని మాత్రమే ఉంటే హక్కు తేలనట్టే. చాలామంది దెబ్బతినేది ఇక్కడే.

అప్పీలు లేకుండా మిగిలిన తీర్పు, తప్పయినా సరే, ఆ కక్షిదారులిద్దరినీ కట్టిపడేస్తుంది. తర్వాత వేరే కేసులో పైకోర్టు చట్టాన్ని మరోలా చెప్పడం రివ్యూకు (అదే కోర్టు తన తీర్పును తిరిగి చూడటానికి) కారణం కాదని సివిల్ ప్రొసీజర్ కోడ్ 47వ ఆర్డరు 1వ రూలు వివరణలోనే ఉంది. మెమోతో తీర్పును రద్దు చేసే అధికారం శాఖకు అసలే లేదు.

వారికి మిగిలింది ఆలస్యాన్ని మన్నించమంటూ రిట్ అప్పీలు (సింగిల్ జడ్జి తీర్పుపై అదే హైకోర్టు ధర్మాసనానికి చేసే అప్పీలు) వేయడం. గడువు 30 రోజులు; ‘ఫైలు సెక్షన్లో ఉండిపోయింది’ అంటే మూడేళ్లకు సరిపోదు. అప్పీలు వేసినంత మాత్రాన తీర్పు ఆగదు, స్టే కాపీ చూపమనండి.

మెమోకు తీర్పు నకలు జతచేసి రాతపూర్వకంగా జవాబిచ్చి, రసీదు తీసుకోండి. అయినా జీతంలో కోత పెడితే కోర్టు ధిక్కార పిటిషనుకు ఏడాదే గడువు. రిమైండర్లు రాస్తూ కూర్చుంటే ఆ ఏడాది ఆగదు.