హాబ్స్ కంటే ముందు హాబ్స్ గైడు తెరవకు

చిరంజీవి మేనల్లుడికి,

అత్తయ్య ఆశీస్సులు. ఎం.ఏ. రాజనీతిశాస్త్రంలో చేరావని మీ నాన్న చెబితే సంతోషించాను. నువ్వు కొనబోయే పుస్తకాల జాబితా ఫోనులో చూశాక ఆ సంతోషం కాస్త తగ్గింది. ప్లేటో మీద ఒక గైడు, హాబ్స్ మీద ఒకటి, లాక్ మీద ఒకటి, మార్క్స్ మీద ఏకంగా రెండు. వాళ్ళు స్వయంగా రాసినది మాత్రం ఒక్కటీ లేదు. పెళ్ళికొడుకు లేని ఊరేగింపులా ఉంది నీ జాబితా.

గైడులు వద్దని నేను అనను. పరీక్షకు వారం ముందు అమ్ముడుపోయే ప్రశ్నలు-జవాబుల పుస్తకాల మాట ఎత్తడం లేదు, వాటి సంగతి నీకే తెలుసు. ఒక్కో తత్వవేత్త మీద పది పదిహేను మంది పండితులు తలా ఒక అధ్యాయం రాస్తే కేంబ్రిడ్జ్, ఆక్స్‌ఫర్డ్ వంటి సంస్థలు వేసే సంపుటాలున్నాయే, వాటి గురించి చెబుతున్నాను. కాలేజీలో పాఠం చెప్పినన్నాళ్ళూ అవి నా బల్ల మీదే ఉండేవి. అయితే వాటిలో సారాంశం కోసం వెతకడం మొదలుపెడితే మాత్రం డబ్బు, కాలం రెండూ దండగ. ఆ తత్వవేత్త ఎవరితో పోట్లాడుతూ ఆ పుస్తకం రాశాడు, దాని మీద పండితులు ఇప్పటికీ ఎక్కడ కొట్టుకుంటున్నారు అన్న రెండు సంగతులూ మూలగ్రంథం నీకు చెప్పదు. గైడును వాటి కోసం చదువు.

హాబ్స్‌తో మొదలుపెట్టు. ఆయన రాసిన 'లెవియాథన్' అనే పుస్తకంలో పదమూడో అధ్యాయం కొద్ది పేజీలే. ప్రభుత్వం లేని చోట మనిషి బతుకు ఒంటరిగా, దరిద్రంగా, మోటుగా, కొద్దికాలమే సాగుతుందన్న ప్రసిద్ధమైన మాట అందులోనే ఉంది. గైడు తెరవకుండా ఆ అధ్యాయం చదువు. అర్థం కాని చోటల్లా అంచున పెన్సిలుతో 'ఎవరికి జవాబు?' అని రాసుకో. ఆ తరువాతే గైడు. 1642లో ఇంగ్లండులో అంతర్యుద్ధం మొదలైందని, 1649లో రాజు తల తీశారని, హాబ్స్ 1640లోనే పారిస్ వెళ్ళిపోయి అక్కడ కూర్చుని 1651లో ఈ పుస్తకం వెలువరించాడని అప్పుడు చదివితే ఆ భయం ఎక్కడిదో నీకు తెలుస్తుంది. తిరిగి అదే అధ్యాయానికి రా. ఈ మూడు అంగల్లో ఏ ఒక్కటీ దాటెయ్యకు, మూడోది మరీను.

హాబ్స్ విషయంలో గైడుకే ఒక పరీక్ష పెట్టవచ్చు. ఆ పుస్తకం నాలుగు భాగాలు, 47 అధ్యాయాలు. 32వ అధ్యాయం నుంచి చివరిదాకా క్రైస్తవ రాజ్యం, బైబిలు వ్యాఖ్యానం, చర్చి అధికారం గురించే ఉంటుంది. అంటే దాదాపు సగం పుస్తకం. క్లాసులో ఇచ్చే నోట్సులో ఆ సగం ఊసే ఉండదు. మతం మీద ఒక్క అధ్యాయమైనా లేని హాబ్స్ గైడు కనిపిస్తే తీసిన చోటే పెట్టెయ్యి.

లాక్ దగ్గర సంగతి వేరు. అక్కడ గైడు లేకపోతే నిజంగానే దారి తప్పుతావు. ప్రభుత్వం మీద ఆయన రాసిన రెండు గ్రంథాలు కలిపి 1689 చివర్లో వెలువడ్డాయి. ముఖపత్రం మీద 1690 అని ఉంది, రచయిత పేరు లేదు. అంతకు ఏడాది ముందే, 1688లో, ఇంగ్లండులో రాజు మారాడు. కాబట్టి జరిగిపోయిన విప్లవాన్ని సమర్థించడానికే లాక్ ఇది రాశాడని తరతరాలుగా పాఠం చెప్పారు. 1960లో చరిత్రకారుడు పీటర్ లాస్లెట్ తన సంపాదకత్వంలో వచ్చిన ప్రతికి రాసిన పీఠికలో ఆ పాఠాన్ని తలకిందులు చేశాడు. చాలా భాగం 1680 ప్రాంతంలోనే, అంటే విప్లవానికి ఏళ్ళ ముందే, రాసిందని ఆధారాలతో వాదించాడు. కచ్చితంగా ఏ ఏడాది అన్నదాని మీద తరువాతి వాళ్ళు ఇంకా తగువులాడుతూనే ఉన్నారు. అది పండితుల పంతం అని తీసిపారెయ్యకు. రాజు మీద తిరగబడే హక్కు ప్రజలకుందని 1689లో అంటే గెలిచిన పక్షాన చేరడం. అదే మాట 1681లో కాగితం మీద పెడితే తల పోతుంది. ఆల్జర్నన్ సిడ్నీ అనే ఆయనకు పోయింది కూడా. 1683లో ఆయన మీద రాజద్రోహం విచారణ జరిగినప్పుడు, అచ్చు కాని ఆయన రాతప్రతినే సాక్ష్యంగా చూపి మరణశిక్ష వేశారు. ఇది తెలిశాక లాక్ తన పేరు ఎందుకు దాచుకున్నాడో ఎవరూ వేరే చెప్పనక్కరలేదు. గైడు మీద పెట్టే ఖర్చుకు నీకు దక్కాల్సిన ఫలితం ఇదీ.

గైడు ఏ ఏడాది వచ్చిందో చూడకుండా నమ్మకు. మార్క్స్ 1844లో రాసుకున్న పారిస్ రాతప్రతులు పూర్తిగా అచ్చయింది 1932లో. 1924లో చనిపోయిన లెనిన్ వాటిని చూడనేలేదు. శ్రమ మనిషిని తనకు తానే పరాయివాణ్ణి చేస్తుందన్న చర్చకు ఆయువుపట్టు ఆ కాగితాలే. జర్మన్ తత్వవేత్త నీచే సంగతి ఇంకా చిక్కు. 'అధికార సంకల్పం' అన్న పేరుతో తిరుగుతున్న పుస్తకాన్ని ఆయన ఆ రూపంలో రాయలేదు. ఆయన నోటు పుస్తకాల్లోంచి ఏరి, చెల్లెలి ఆధ్వర్యంలో కూర్చినది. దాన్ని ఆయన ఆఖరి మాటగా చూపే గైడు ఎంత అందమైన అట్టతో వచ్చినా పాతదే.

నోట్సులో పేజీ సంఖ్యలు రాయకు. ప్లేటో పుస్తకాల అంచుల్లో 514ఏ వంటి గుర్తులు కనిపిస్తాయి. 1578లో అచ్చయిన ఒక గ్రీకు ప్రతి పేజీల లెక్క అది. ఆయన 'రిపబ్లిక్'కు ఏ అనువాదం తెరిచినా 514ఏ దగ్గర మొదలయ్యేది గుహ కథే. అరిస్టాటిల్‌కు 1831 నాటి బెర్లిన్ ప్రతి లెక్క, కాంట్ 'శుద్ధ హేతు విమర్శ'కు 1781, 1787 ముద్రణలను సూచించే ఏ, బీ అక్షరాలు. పండితులు రాసిన గైడులు వీటితోనే మాట్లాడతాయి. అవి అలవాటైతే గైడులో ఒక వాదన నచ్చనప్పుడు అర నిమిషంలో మూలానికి వెళ్ళి సరిచూడగలవు.

జాన్ స్టువర్ట్ మిల్ దగ్గర కాస్త ఆగు. స్వేచ్ఛ మీద 1859లో ఆ పుస్తకం వెలువరించిన పెద్దమనిషి, 1823 నుంచి 1858 దాకా లండన్‌లోని ఈస్టిండియా కంపెనీ ఆఫీసులో జీతం తీసుకున్నాడు. పుస్తకం మొదటి అధ్యాయంలోనే, ఈ సూత్రం వెనుకబడిన సమాజాలకు వర్తించదని, అనాగరికుల విషయంలో నిరంకుశ పాలన కూడా న్యాయమేనని, వాళ్ళను బాగుచేయడం దాని లక్ష్యమై, ఆ లక్ష్యం నిజంగా నెరవేరితే చాలని రాశాడు. ఆ కుర్చీలో కూర్చుని అలా అన్నప్పుడు ఆయన మనసులో మనం లేమా? ఆ వాక్యాన్ని అడుగున చిన్న అక్షరాల్లోకి తోసేసిన గైడును నేను నీకు సిఫార్సు చెయ్యను.

మన వాళ్ళకు వస్తే అంబేడ్కర్ దగ్గర గైడుకు అసలు తొందరే లేదు. 'కుల నిర్మూలన' 1936లో లాహోరు సభలో చదవాల్సిన ఉపన్యాసం. నిర్వాహకులు సభ రద్దు చేసుకుంటే ఆయనే అచ్చు వేయించాడు. 1937 ముద్రణలో గాంధీ విమర్శ, దానికి అంబేడ్కర్ జవాబు రెండూ చేర్చాడు. గైడు చెప్పాల్సిన తగువు పుస్తకంలోనే ఉంది. ఆ ముద్రణ పాఠమే చదువు. కౌటిల్యుడికి మాత్రం పండితుల సాయం తప్పదు. తంజావూరు ప్రాంతపు పండితుడొకరు ఇచ్చిన తాళపత్ర ప్రతి ఆధారంగా మైసూరులో శామశాస్త్రి 1909లో అర్థశాస్త్రం అచ్చు వేశాడు. అది ఒకరి చేతి రాతేనా అని 1971లో చరిత్రకారుడు ట్రాట్‌మన్ గణాంకాలతో ప్రశ్నించాడు. ఆ వాదన తెలియకుండా 'చాణక్యుడు ఇలా అన్నాడు' అని వ్యాసం మొదలుపెట్టకు.

ఇవన్నీ కొనాల్సిన పని లేదు. చెన్నై ఎగ్మోరులో కన్నెమరా గ్రంథాలయం ఉంది. 1954 చట్టం ప్రకారం మన దేశంలో అచ్చయ్యే ప్రతి పుస్తకం ఒక ప్రతి అక్కడికి పంపాలి, కాబట్టి ఇక్కడి ఆలోచనాపరుల మీద వచ్చినవాటికి అక్కడ అడుగు. విదేశీ సంపుటాల కోసం కొట్టూరుపురంలోని అన్నా గ్రంథాలయానికి వెళ్ళు. సొంత పుస్తకాలు పట్టుకెళ్ళి చదువుకోవడానికి అక్కడ ప్రత్యేకంగా ఒక విభాగం ఉంది. మూలగ్రంథం చంకన పెట్టుకుని వెళ్ళు. ఇంట్లో ఉన్నప్పుడు స్టాన్‌ఫర్డ్ తత్వశాస్త్ర విజ్ఞాన సర్వస్వం ఇంటర్నెట్‌లో ఉచితం. ఒక్కో వ్యాసం ఆ రంగంలో పనిచేసే పండితులే రాస్తారు, ఎప్పుడు సవరించారో పైనే ఉంటుంది.

ఇంకొకటి. నోట్సు తెలుగులో రాసుకో. ఇంగ్లీషులో రాస్తే గైడు వాక్యాలే నీకు తెలియకుండా నీ నోట్సులోకి, అక్కడి నుంచి నీ సిద్ధాంత వ్యాసంలోకి వచ్చి కూర్చుంటాయి. వ్యాసంలో లాక్ మాట ఉదహరిస్తే లాక్ పుస్తకం తెరిచి చూశాకే రాయి. గైడులోని వ్యాఖ్యానం వాడుకుంటే ఆ అధ్యాయం ఎవరు రాశారో వాళ్ళ పేరు పెట్టు, సంపాదకుడిది కాదు. ఆ తేడా తెలియని వ్యాసాలు మొదటి పేజీలోనే దొరికిపోతాయి.

ఆశీస్సులతో,
అత్తయ్య