డాక్టర్ సలహా: ముందు ఆ తాడు విప్పండి

ప్రశ్న: మాది కోనసీమలో లంక గ్రామం. మా తమ్ముడికి 26 ఏళ్లు. ఎవరో తిడుతున్నట్టు వినిపిస్తోందనేవాడు. మాత్రలతో తగ్గింది. లావైపోతున్నానని నాలుగు నెలల క్రితం మానేశాడు. ఇప్పుడు రాత్రిళ్లు ఏటిగట్టు మీదకు వెళ్లిపోతున్నాడు. భయమేసి తోటలో పాకలో కాలికి తాడు కట్టి ఉంచుతున్నాం. పాత చీటీ ప్రకారం మాత్ర పొడి చేసి మజ్జిగలో కలుపుతున్నాం. డోసు పెంచవచ్చా? శాశ్వతంగా ఉంచుకునే ఆస్పత్రి ఉందా?

సమాధానం: అమ్మా, డోసు సంగతి తరువాత. ఆ తాడు ఈ రోజే విప్పండి. గోదాట్లో పడతాడేమోనని మీ భయం, అర్థమైంది. కానీ లంకలో ఉంటూ, వరదలొచ్చే రోజుల్లో మనిషిని కట్టేస్తారా? రాత్రికి రాత్రి నీరు పాకలోకొస్తే ఎవరు విప్పుతారు?

2001 ఆగస్టు 6న తమిళనాడులోని ఏర్వాడిలో పాక అంటుకుంది. గొలుసులతో కట్టేసి ఉన్న మానసిక రోగులు పారిపోలేక 28 మంది చనిపోయారు. అప్పుడు నేను పీజీలో ఉన్నాను. నా దగ్గరకొచ్చే ప్రతి కుటుంబాన్నీ ‘ఇంట్లో కట్టారా?’ అని అప్పటి నుంచీ అడుగుతూనే ఉన్నాను. చాలామంది తల దించుకుంటారు. కాలి మీద తాడు ఒరిసిన పుండు మాత్రం దాగదు. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ఆస్పత్రుల్లో కూడా గొలుసులు వేయకూడదంటోంది.

రెండు మూడు రాత్రులు వంతులేసుకుని తమ్ముడి పక్కన పడుకోండి. కత్తులు, పురుగుమందు అందకుండా పెట్టండి. వినిపించే మాటల గురించి వాదించకండి. చేయి దాటుతుందనిపిస్తే 108కి ఫోన్ చేయండి.

మజ్జిగలో కలపడం ఆపండి. తిండిలో ఏదో కలుపుతున్నారన్న అనుమానం ఇలాంటి జబ్బుల్లో మామూలే. మీరు దాన్ని నిజం చేస్తున్నారు. తెలిసిన రోజున అన్నం కూడా ముట్టడు. నెలల తరబడి మానేసిన మందును పాత చీటీ చూసి సొంతంగా మొదలుపెట్టడం, పెంచడం రెండూ ప్రమాదమే. కొన్ని మాత్రలు పొడి చేయకూడదు కూడా. లావైపోతున్నానని తమ్ముడు చెప్పిన రోజే డాక్టరుకు చెప్పాల్సింది. నాలుగు నెలలు ఎందుకు ఊరుకున్నారమ్మా? బరువు అంతగా పెరగని మందులున్నాయి. రోజూ మాత్ర వద్దంటే, సరిపడినవాళ్లకు నెలకోసారి ఇచ్చే ఇంజెక్షన్లూ ఉన్నాయి. ఏది నప్పుతుందో చూడకుండా నేను చెప్పలేను. గంజాయి అలవాటుందేమో కోపం లేకుండా అడగండి.

శాశ్వతంగా ఉంచడం అన్నారు. చికిత్స కోసం కొన్ని వారాలు చేర్చుకోవాల్సి రావచ్చు, అంతకు మించి ఉంచేయడం గురించి ఆలోచించకండి. 1950లలో అమృత్‌సర్ మానసిక ఆస్పత్రిలో డాక్టర్ విద్యాసాగర్ రోగుల ఇంటివాళ్లను ఆవరణలోనే గుడారాల్లో ఉంచి చికిత్సలో కలుపుకున్నారు. ఊచల తలుపులున్న వార్డుల్లో పని నేర్చుకున్న నాకు ఆ సంగతి చదివాక దారి దొరికినట్టయింది. మా వార్డులో ఇంటిమనిషిని పక్కన ఉండనివ్వాలని ఇన్నేళ్లుగా పట్టుబడుతూనే ఉన్నాను. అక్క పక్కనుంటే మందు వేసుకునేవాడు, గది బయట తాళం పడితే ఉమ్మేస్తాడు.

ఈ వారంలోనే కాకినాడ ప్రభుత్వ పెద్దాస్పత్రి (జీజీహెచ్) మానసిక విభాగానికి గానీ, దగ్గర్లోని సైకియాట్రిస్టుకు గానీ చూపించండి. జ్వరంతో ఒళ్లు బిగుసుకుపోయినా, తిండి మానేసినా, చచ్చిపోతానన్నా ఆ రోజే తీసుకెళ్లాలి. మానసిక సమస్యలకు ప్రభుత్వం నడిపే ఫోన్ సహాయ కేంద్రం టెలిమానస్ 14416కి ఏ వేళైనా ఫోన్ చేయవచ్చు. పాత చీటీ పట్టుకెళ్లండి, కాలు చూపించండి. మజ్జిగలో ఎన్ని రోజులు, ఎంత కలిపారో దాచకుండా చెప్పండి.