మాటలు మార్చి రాస్తున్న అబ్బాయి, బెంగ పెట్టుకున్న అమ్మ

ప్రశ్న: మాది గజపతి జిల్లా పర్లాకిమిడి. అబ్బాయి బీఏ రెండో సంవత్సరం. వీడియో గేముల అప్‌డేట్ల గురించి ఇంగ్లిషులో వచ్చిన వ్యాసాలను, పర్యాయపదాలు పెట్టి తిరగరాసి రాత్రంతా ఒక వెబ్‌సైటుకు పంపుతుంటాడు. వ్యాసానికి ఇంత అని ఇస్తారు. కంటెంట్ రైటింగే కెరీర్ అంటున్నాడు. వాళ్ల నాన్న బీఈడీ చేయమంటారు. మా అన్నయ్య కొడుకు ఇదే వయసులో విశాఖలో ఉద్యోగంలో చేరాడు. మా వాడికి ఏది మంచిది?

జవాబు: అమ్మా, ఇలాంటి ఉత్తరాలు నాకు తరచూ వస్తుంటాయి. గేముల బదులు సినిమా వార్తలో, ఫోన్ల సమీక్షలో ఉంటాయి, అంతే తేడా. ఏది మంచిదని అడుగుతారు గానీ, లోపలి బెంగ వేరు. పిల్లవాడు చదువుకూ ఉద్యోగానికీ కాకుండా పోతాడేమోనని. పోడు. ఎవరూ వెంటపడకుండా రోజూ గడువులోగా పని అప్పజెప్పే కుర్రవాడు చెడిపోయే రకం కాదు. ముందు ఆ భయం తీసేయండి.

అయితే అతను చేస్తున్న పని మీద మాత్రం నాకు నమ్మకం లేదు. అప్‌డేట్ వచ్చినప్పుడు గేము కంపెనీ ఏం మార్చిందో ఒక జాబితా ఇస్తుంది. అందులో ప్రతి అంకె ఆటగాడికి ముఖ్యమే. ఆటలో ఒక తుపాకీ రీలోడ్ సమయాన్ని, అంటే తూటాలు మళ్లీ నింపుకోవడానికి పట్టే సమయాన్ని, 2 సెకన్ల నుంచి 2.4 సెకన్లకు పెంచారనుకోండి. అంటే ఆ తుపాకీ బలం తగ్గించారు. ఆట తెలియకుండా పదాలు మార్చేవారు ‘పెంచారు’ను ‘మెరుగుపరిచారు’ అని రాసేస్తారు. చదివినవాడు అదే తుపాకీ పట్టుకుని ఓడిపోతాడు. ఈ జబ్బు శాస్త్ర పత్రికలకూ పాకింది. 2021లో గియోమ్ కబనాక్, సిరిల్ లాబే తదితర పరిశోధకులు ఇలా మాటలు మార్చి రాసిన పరిశోధన పత్రాలను పట్టుకున్నారు. ‘ఆర్టిఫిషియల్ ఇంటెలిజెన్స్’ ఉండాల్సిన చోట ‘కౌంటర్‌ఫీట్ కాన్షస్‌నెస్’, అంటే నకిలీ స్పృహ, అని ఉంది!

ఈ పనికి గిరాకీ నిలవదు. పస లేని రాతలను, ఎక్కడినుంచో తెచ్చిపెట్టిన రాతలను వెనక్కి నెట్టే మార్పును గూగుల్ 2011లోనే తెచ్చింది. 2024 మార్చిలో, శోధనలో పైకి రావడానికి కుప్పలుగా తయారుచేసే పేజీల మీద, మనిషి రాసినా యంత్రం రాసినా ఒకటేనంటూ నిబంధనలు బిగించింది. చాట్‌జీపీటీ 2022 నవంబరులో వచ్చాక పదాలు మార్చే పని యంత్రం క్షణాల్లో చేస్తోంది. మీ అబ్బాయికి నేడు వచ్చే డబ్బు రేపు తగ్గుతుందే గానీ పెరగదు. ఒకే గేమును నమ్ముకోవడమూ ప్రమాదమే. బీజీఎంఐ (బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా) అనే ఫోను గేమును 2022 జులైలో మన దేశంలో యాప్ స్టోర్ల నుంచి తొలగించారు, 2023 మే దాకా తిరిగి రాలేదు. అన్ని నెలలు దాని అప్‌డేట్ల మీద ఏం రాస్తారు? ఇంకొకటి, సమాచారం ఎవరి సొత్తూ కాదు. కానీ ఒకరు దాన్ని చెప్పిన తీరుకు 1957 నాటి కాపీరైట్ చట్టం రక్షణ ఉంది. పైపైన పదాలు మార్చినంత మాత్రాన అది మన రాత అయిపోదు. కొన్ని వారాల్లో కంటెంట్ రైటర్‌ను చేస్తామని ఫీజులు గుంజే శిక్షణ సంస్థల జోలికి అసలు పోనివ్వకండి.

ఇక మిమ్మల్నీ మీ వారినీ కాస్త కోప్పడాలి. ఉత్తరంలో మేనల్లుడి ఉద్యోగం రాశారు, వ్యాసానికి డబ్బు ఇస్తారని రాశారు. కొడుకు ఏ గేము ఆడతాడో, అతని రాత ఎలా ఉంటుందో ఒక్క ముక్క లేదు. అతను రాసింది ఎప్పుడైనా ముందు కూర్చోబెట్టుకుని చదివించుకున్నారా? విశాఖ పిల్లవాడితో పోల్చిన ప్రతిసారీ మీ వాడు ఫోనులోకి ఇంకాస్త దూరిపోతాడు. తప్పు అతనిదొక్కడిదే కాదమ్మా.

మీ ఇంట్లో తెలుగు, బయట ఒడియా, టీవీలో హిందీ, చదువులో ఇంగ్లిషు. సరిహద్దు ఊళ్లలో అందరికీ ఇంతే కదా అని దాన్ని లెక్కలోకి తీసుకోరు. గేములనూ యాప్‌లనూ భారతీయ భాషల్లోకి తెచ్చేటప్పుడు అనువదించేవారూ కావాలి, తెర మీద ఆ మాట సరిగ్గా అమరిందా అని ఆడి చూసేవారూ కావాలి. మీ పర్లాకిమిడిలోనే పంతులుగా ఉండి గిడుగు రామమూర్తి సవర గిరిజనుల మధ్య తిరిగి వారి భాష నేర్చుకున్నారు, నిఘంటువు తయారుచేశారు. మీ వాడికి నాలుగు భాషలు ఊరికే వచ్చాయి. డిగ్రీ అయ్యాక ఇగ్నోలో అనువాదంలో పీజీ డిప్లొమా ఉంది, దూరవిద్యలో చేయవచ్చు. రాయడమే ఇష్టమైతే బరంపురం విశ్వవిద్యాలయంలో, కొరాపుట్‌లోని ఒడిశా కేంద్రీయ విశ్వవిద్యాలయంలో జర్నలిజం ఉంది. బీఈడీ ఎలాగూ డిగ్రీ తర్వాతి మాట. పిల్లలకు పాఠం చెప్పడం ఇష్టమైతే అదీ మంచిదే. ఇప్పుడే తేల్చుకోవాల్సిన తొందరేమీ లేదు.

ప్రస్తుతానికి అతనికి ఇది చెప్పండి. ఈసారి అప్‌డేట్ వచ్చినప్పుడు ఎవరి వ్యాసమూ తెరవకుండా, కంపెనీ ఇచ్చిన జాబితా మాత్రం చదివి, ఒక సాయంత్రం ఆడి, ఏం మారిందో పక్కింటి కుర్రవాడికి అర్థమయ్యేలా తెలుగులో ఒక పేజీ, ఒడియాలో ఒక పేజీ రాయాలి. కింద తన పేరు పెట్టుకోవాలి. వాళ్ల నాన్నగారిని ఫోను లాక్కోవద్దనండి. రాత్రి పదకొండు దాటితే పని ఆపాలన్న షరతు పెట్టండి, మూడో సంవత్సరం ఫీజు గడువులోగా కట్టేయండి. ఆ రెండు పేజీలు నాకు పంపమనండి, చదివి జవాబు రాస్తాను.