‘డా అమర్’ – ఈ ‘డా’ డాక్టరేనా?

సందేహం: బర్మా రచయిత్రి, రాజకీయ కార్యకర్త లూడు డా అమర్ జీవితం మీద వ్యాసం రాశాను. ‘శ్రీమతి లూడు డా అమర్ గారు మాండలేలో పుట్టారు’ అని మొదలుపెడితే, చదివినవాళ్లు ‘ఈవిడ డాక్టరా?’ అని అడిగారు. ‘శ్రీమతి’ తీసేసి చూపిస్తే ఒకరు ఏకంగా మగమనిషి అనుకున్నారు. భర్త పేరు లూడు ఊ హ్ల. అంటే ‘లూడు’ వాళ్ల ఇంటిపేరా? కొడుకు పేరు ముందు కూడా రాయాలా? ఇంకొకటి, రంగూన్ అనాలా, యాంగోన్ అనాలా, మా అమ్మమ్మ అన్నట్టు ‘రంగం’ అనాలా?

సమాధానం: ఆ ‘డా’ డాక్టరు కాదు. పిన్ని, అత్త అనే అర్థంలో పెద్ద వయసు స్త్రీల పేరు ముందు బర్మావాళ్లు చేర్చే గౌరవవాచకం. వయసులో ఉన్నప్పుడు ఆ చోట ‘మ’ ఉంటుంది, అంటే అక్క. మగవాళ్లకు ‘మౌంగ్’ తమ్ముడు, ‘కో’ అన్న, పెద్దయ్యాక ‘ఊ’. వరసలు మనం పేరు చివర చేరుస్తాం, వాళ్లు ముందు చేరుస్తారు. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా పనిచేసిన ఊ థాంట్‌ను ‘యు. థాంట్’ అని రాసేవాళ్లు ఆ ‘ఊ’ను పొడి అక్షరం అనుకున్నారన్నమాట! వయసుతో పాటు వరస మారుతుంది కాబట్టి, 1936 రంగూన్ విశ్వవిద్యాలయం సమ్మెలో ముందు నిలిచిన ఇరవై ఏళ్ల విద్యార్థిని అమర్‌ను ‘మ’ అనే రాయాలి.

ఇక ‘అమర్’. మన అమరుడికీ ఈవిడకీ సంబంధం లేదు. పేరు ‘అమా’. చివరి దీర్ఘాన్ని చూపడానికి ఇంగ్లీషు వర్ణక్రమంలో పెట్టిన ‘ఆర్’ అక్షరాన్ని మనం నమ్మి పలుకుతున్నాం. మయన్మార్ చివరనున్న ‘ర్’ కూడా అలా వచ్చిందే. (మాండలే పక్కనున్న అమరపురలో ఉన్నది మాత్రం మన ‘అమర’మే.) బర్మా లిపిలో ‘డా’ కూడా దకారమే, అచ్చు ఆ, ఓల నడుమ పలుకుతుంది. ‘దో అమా’ అని రాయండి. డాక్టరు గొడవా తీరుతుంది, ఉచ్చారణకూ దగ్గరగా ఉంటుంది.

మగమనిషి అనుకోవడంలో తప్పు పేరుది ఒక్కటే కాదు, మన క్రియది కూడా. ‘పుట్టింది’ అంటే మగవాడు కాదని తెలుస్తుంది. గౌరవానికి ‘పుట్టారు’ అనగానే ఆ గుర్తు పోతుంది. అందుకని మొదటి వాక్యంలోనే ‘రచయిత్రి’ అనో ‘ఆమె’ అనో పడాలి: ‘రచయిత్రి దో అమా 1915లో మాండలేలో పుట్టారు.’ ‘శ్రీ ... గారు’ మనకు అలవాటే, కాదనను. కానీ శ్రీమతి, దో, గారు మూడూ కలిపితే పేరు కనబడదు. ‘దో’ ఉంటే మిగతా రెండూ వదిలేయండి.

‘లూడు’ను కూడా ‘లూదు’ అనే రాద్దాం. అది ఇంటిపేరు కాదు. బర్మావాళ్లకు ఇంటిపేర్లే లేవు. ఆ మాటకు ప్రజలు, జనసామాన్యం అని అర్థం. 1939లో పెళ్లి చేసుకున్న ఈ దంపతులు యుద్ధం ముగిశాక మాండలేలో నడిపిన పత్రిక పేరది. షావుకారు జానకి పేరు ముందు సినిమా పేరు నిలిచిపోయినట్టు, వీళ్ల పేర్ల ముందు పత్రిక పేరు నిలిచిపోయింది. జానకి చెల్లెల్ని మనం ‘షావుకారు కృష్ణకుమారి’ అనలేదు కదా! అలాగే రచయిత అయిన కొడుకు కూడా ఉత్త న్యీ పు లే. (వర్ణమాలలో ఊరికే కూర్చున్న మన ‘ఞ’కు ఇక్కడ పని దొరికేది. ‘ఞీ’ అని రాస్తే చదివేవాళ్లేరీ?) కాబట్టి పత్రిక పుట్టకముందు కాలానికి, అంటే సమ్మె, పెళ్లి ఘట్టాలకు, ‘లూదు’ వాడకండి. తరవాతి కథలో మాత్రం ఆ మాట బరువు పాఠకుడికి తెలియాలి. 1953లో ఊ హ్లను జైల్లో పెట్టారు, మూడేళ్లకు పైగా ఉంచారు. 1967లో నే విన్ సైనిక ప్రభుత్వం పత్రికను మూసేసింది. 1978లో భర్తతో, న్యీ పు లేతో పాటు ఆమెనూ అరెస్టు చేశారు. పత్రిక పోయినా, 2008లో తొంభై రెండేళ్ల వయసులో ఆమె కన్నుమూసేదాకా ఆ పేరు ఆమెను వదల్లేదు. వ్యాసంలో ‘లూదు అంటే ప్రజలు’ అని ఒక్కసారి చెప్పండి, చాలు.

ఊరి పేరు కాలాన్ని బట్టి రాయండి. ప్రభుత్వం పేర్లు మార్చింది 1989లో. అంతకుముందు జరిగినదానికి రంగూన్, బర్మా. తరవాతిదానికి యాంగోన్, మయన్మార్. మీ అమ్మమ్మగారి ‘రంగం’ చక్కటి మాట. శ్రీకాకుళం, విశాఖ వైపు నుంచి పొట్టకూటికి ఓడెక్కినవాళ్లు వాడిన మాట. వలస కథ రాస్తే తప్పక వాడండి. ఈ వ్యాసంలో మాత్రం ‘ఆమె రంగంలో చదివారు’ అంటే ‘ఏ రంగంలో?’ అని మళ్లీ మీకే ఉత్తరం వస్తుంది.